గురువారం మేడమీద

నా పని దీపం.
గ్రిమ్స్‌బీ రేవు వెనక, పబ్బు మేడమీద,
గోడకు బిగించిన చిన్న బల్బు.
మైకు ముందున్నవాడికి తప్ప ఎవరికీ ఆనదు.
వెలిగిందంటే ఇంకొక్క నిమిషమే అని.
పదకొండేళ్ళుగా ఆ స్విచ్చు మీద నా బొటనవేలు.

అందరూ వేదికకేసి చూస్తారు.
నేను వీపులు చూస్తాను.
నవ్వు ముందు భుజాల్లో పుడుతుంది,
నోటిదాకా వచ్చేలోపు
మెడ కాస్త పక్కకు తిరుగుతుంది
పక్కవాడు నవ్వుతున్నాడా అని.
నేను చూసిన కోర్టులన్నిటిలోకీ
ఆ అరంగుళమే చిన్నది.

మొన్న కీరన్ మాల్ట్‌బీ ఎక్కాడు.
ఇరవయ్యారేళ్ళు, ఇస్త్రీ ఎరగని చొక్కా,
గ్లాసులో మంచినీళ్ళు.
పార్కింగు చలాన్ల మీద నాలుగు,
మేయరుగారి కుక్క మీద ఒకటి విసిరి
గది వేడెక్కాక, గొంతు తగ్గించి అన్నాడు:

"మా నాన్న సముద్రంలో పోయాడు. శవం దొరకలేదు.
ఆ రోజు నుంచీ మా అమ్మ చేప ముట్టలేదు.
నేను తింటాను.
బతికుండగా ఒక్క పూటైనా భోజనానికి ఇంటికి రాని మనిషి
ఇప్పుడు ప్రతి శుక్రవారం వస్తున్నాడు."

ఒక నవ్వు భళ్ళుమంది
చేతిలోంచి జారిన పళ్ళెంలా.
ఆ వెంటనే నిశ్శబ్దం, అందరూ వంగి ముక్కలు ఏరుతున్నట్టు.
మూడో వరసలో పెద్దాయన లేచి
టోపీ పెట్టుకుని, కోటు గుండీలు
ఒక్కొక్కటే పెట్టుకుని వెళ్ళిపోయాడు.
కోపానికి అంత ఓపిక ఉంటుందనుకోలేదు.
కిటికీ పక్కనావిడ నవ్వబోయి, మొగుడి మొహం చూసి
దాన్ని దగ్గు చేసుకుంది.

మెట్ల దగ్గర ఆపారు వాణ్ణి.
"నిజంగా మీ నాన్నేనా?"
అవునంటే కళ్ళు తుడుచుకుని బీరు పోయిస్తారు.
కాదంటే తంతారు.
మాటలవే, జోకదే,
మరణ ధ్రువపత్రం జతచేస్తేనే చెల్లుబాటు.
"శుక్రవారం రండి, పరిచయం చేస్తాను"
అని దిగిపోయాడు వాడు.

నాకు తెలుసు.
వాళ్ళ నాన్న క్లీథోర్ప్స్‌లో తాళంచెవులు కోస్తాడు.
మా వెనక గుమ్మానిది ఆయన కోసిందే.
మోకాళ్ళు తప్ప మనిషి దుక్కలా ఉన్నాడు.

ఆ మొదటి నవ్వు ఎవరిదని మాత్రం ఎవరూ అడగలేదు.
దీపం కిందే కదా చీకటి.

మా డెరిక్‌కి అప్పుడు పంతొమ్మిది, నాకు పదకొండు.
ఓడ బయల్దేరే రోజు ఇంట్లో బట్టలుతకకూడదు,
ఉతికితే మనిషి కొట్టుకుపోతాడు. అమ్మ నమ్మకం.
ఉతకలేదు.
కొట్టుకుపోయాడు.
విడిచిన చొక్కా అలాగే ఉండిపోయింది,
దాన్ని ఉతకడానికి ఏ రోజు మంచిదో
ఎవరికీ తోచక.

యాభై ఏళ్ళు మా ఇంట్లో అందరూ మెల్లగా మాట్లాడారు.
పాస్టరుగారు, ఓడ కంపెనీవాళ్ళు,
ఉత్తరం తెచ్చిన కుర్రాడితో సహా.
డెరిక్‌ని భోజనానికి మాత్రం ఎవరూ పిలవలేదు.

వాడి జోకు మంచిదా చెడ్డదా, నన్నడక్కండి.
ఆ హక్కు వాడికి లేదు.
ఉన్నదాన్ని నేను, నాకు జోకులు చెప్పడం రాదు.
నవ్వుతూనే వాణ్ణి లాగి ఒకటి కొట్టాలనిపించింది,
రెండూ ఒకే పక్కటెముక కింద నుంచి.

టైమయింది. దీపం వెయ్యాలి.
వెయ్యలేదు. నాలుగు నిమిషాలు దాటనిచ్చాను.
ఆ నాలుగు నిమిషాల్లో చెప్పినవేవీ పేలలేదు.
పేలనివాటి మీద ఎవరికీ అభ్యంతరం లేదు.

మర్నాడు చేప కొన్నాను.
ఉప్పు, వెనిగరు, కాగితంలోనే.
ముల్లొకటి పంటి సందున ఇరుక్కుంది.
"ఆలస్యం చేశావురా" అన్నాను గట్టిగా.

ఎవరూ నవ్వలేదు.